కార్ల్ ఫ్రాయిండ్: మూకీ సినిమా నుంచి టీవీ కామెడీ దాకా (తరచుగా అడిగే ప్రశ్నలు)

"మెట్రోపొలిస్" గురించి చదివేవాళ్లకు కార్ల్ ఫ్రాయిండ్ పేరు తగులుతుంది. "డ్రాకులా" అభిమానులకూ తగులుతుంది. అమెరికన్ టీవీ చరిత్ర తిరగేసేవాళ్లకు "ఐ లవ్ లూసీ" దగ్గర అదే పేరు మళ్లీ ఎదురవుతుంది. "ముగ్గురూ ఒకరేనా?" అని చాలామంది అడుగుతారు. ఒకరే. ఆయన గురించి ఎక్కువగా వచ్చే ప్రశ్నలకు జవాబులు ఇక్కడ రాస్తున్నాను.

కార్ల్ ఫ్రాయిండ్ ఎవరు? ఎక్కడివారు?

1890 జనవరి 16న బొహీమియాలోని క్యోనిగిన్‌హోఫ్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టారు. ఆ ఊరు అప్పట్లో ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యంలో ఉండేది, ఇప్పుడు చెక్ రిపబ్లిక్‌లో ఉంది. 1901లో కుటుంబం బెర్లిన్‌కు వెళ్లిపోయింది. 1920లలో జర్మన్ మూకీ సినిమాకు పెద్ద కెమెరామన్‌గా వెలిగారు. 1929లో అమెరికా వెళ్లి హాలీవుడ్‌లో స్థిరపడ్డారు. అక్కడ ఛాయాగ్రహణం చేశారు, కొన్ని సినిమాలకు దర్శకత్వం వహించారు, ఆస్కార్ అందుకున్నారు, వెలుగును కొలిచే లైట్ మీటర్ల కంపెనీ పెట్టారు. అరవై దాటాక టీవీలోకి అడుగుపెట్టారు. 1969 మే 3న కాలిఫోర్నియాలోని శాంటా మోనికాలో కన్నుమూశారు.

కెమెరా పని ఎక్కడ నేర్చుకున్నారు?

పనిలోనే. 1905లో, పదిహేనేళ్ల వయసులో, బెర్లిన్‌లోని ఒక సినిమా కంపెనీలో ప్రొజెక్టర్ నడిపే వ్యక్తికి సహాయకుడిగా చేరారు. ఈ మొదటి ఉద్యోగాన్ని చాలామంది ఒక్క వాక్యంతో దాటేస్తారు. ఆయన తర్వాతి పని అర్థం కావాలంటే ఇక్కడ కాసేపు ఆగాలని నాకనిపిస్తుంది. ప్రొజెక్టర్ దగ్గర పనిచేసేవాడికి బొమ్మ చివరికి తెర మీద ఎలా పడుతుందో ముందు తెలుస్తుంది. సెట్‌లో బాగున్న వెలుగు తెర మీదికి వచ్చేసరికి ఎంత తేలిపోతుందో, ఏ నీడ నల్లగా ముద్దకట్టేస్తుందో రోజూ కళ్లారా చూస్తాడు. నలభై ఆరేళ్ల తర్వాత ఇళ్లలోని చిన్న టీవీ పెట్టెల కోసం లైటింగ్ చేయాల్సి వచ్చినప్పుడు ఫ్రాయిండ్ ముందుగా ఆలోచించింది కూడా దీన్నే: చూసేవాడి దగ్గరికి బొమ్మ ఎలా చేరుతుంది?

కెమెరాను "కదిలించిన" మనిషి అంటారు. అంతకుముందు కెమెరా కదలలేదా?

కదిలింది. బండ్ల మీద, రైళ్ల మీద పెట్టి తీసిన షాట్లు సినిమా పుట్టిన తొలి రోజుల నుంచే ఉన్నాయి. 1924లో ఎఫ్.డబ్ల్యు. మూర్నౌ తీసిన "డెర్ లెట్స్టె మాన్"లో వచ్చిన మార్పు వేరు. అక్కడ కెమెరా కదలిక ఒక పాత్ర మనసులోకి తీసుకెళ్లే దారి అయింది.

కథ చిన్నదే. పెద్ద హోటల్ గుమ్మం దగ్గర దర్జాగా యూనిఫాం వేసుకుని నిలబడే ముసలి డోర్‌మన్‌ను, వయసైపోయిందని మరుగుదొడ్ల దగ్గర పనికి దింపేస్తారు. ఆ పాత్ర ఎమిల్ యానింగ్స్ వేశారు. కథ చెప్పే టైటిల్ కార్డులు సినిమాలో దాదాపు లేవు. అంటే మాటలు చేసే పనంతా బొమ్మే చేయాలి.

మొదటి షాటే చూడండి. కెమెరా హోటల్ లిఫ్ట్‌లో కిందికి దిగుతుంది, తలుపు తెరుచుకోగానే లాబీ దాటుకుంటూ గుండ్రంగా తిరిగే అద్దాల తలుపు వైపు సాగిపోతుంది. ఇందుకోసం కెమెరాను సైకిల్ మీద పెట్టారు. తర్వాత ముసలాయన తాగి తూలే సన్నివేశం వస్తుంది. అక్కడ ఫ్రాయిండ్ కెమెరాను తన ఛాతీకి కట్టుకుని, తానే తాగినవాడిలా గదిలో తూలుతూ తిరిగారు. అప్పటి కెమెరాలు చేతిలో ఇమిడేవి కావు. ఫ్రాయిండ్ కూడా భారీ మనిషి. ఆ బరువుతో ఆయన వేసిన తడబాటు అడుగులే తెర మీద ముసలాయన మత్తుగా మారాయి. గది తిరుగుతున్నట్టు మనకు అనిపించడానికి కారణం, కెమెరా వెనకున్న మనిషి నిజంగానే తిరగడం.

మరుసటి ఏడాది ఈ.ఏ. డ్యుపాంట్ తీసిన "వెరైటే"లో సర్కస్ ట్రపీజ్ ఊగుడును కూడా ఇదే పద్ధతిలో పట్టుకున్నారు. ఊగేవాడి కళ్లతో కింద ప్రేక్షకులు ఎలా కనిపిస్తారో కెమెరా చూపిస్తుంది.

"మెట్రోపొలిస్" మొత్తం ఆయనే తీశారా?

లేదు. ఫ్రిట్జ్ లాంగ్ దర్శకత్వంలో 1927 జనవరిలో విడుదలైన ఆ సినిమాకు ఫ్రాయిండ్, గుంటర్ రిట్టౌ కలిసి ఛాయాగ్రహణం చేశారు. ట్రిక్ షాట్లలో రిట్టౌ పాత్ర చాలా పెద్దది. ఆకాశాన్నంటే భవనాల్లో మనుషులు తిరిగే కొన్ని షాట్ల ఘనత ఓయ్‌గెన్ షుఫ్టాన్ రూపొందించిన అద్దం పద్ధతిది. కెమెరా ముందు అద్దాన్ని ఏటవాలుగా పెట్టి, అందులో చిన్న నమూనా భవనం ప్రతిబింబించేలా చేస్తారు. అద్దం మీద కొంత భాగంలో రసం పూత గీకేస్తారు. గీకిన చోట గాజులోంచి అసలు నటులు కనిపిస్తారు, మిగతా చోట నమూనా కనిపిస్తుంది. రెండూ ఒకే షాట్‌లో, ఒకేసారి ఫిల్మ్ మీద పడిపోతాయి. కెమెరా వెనక ఉన్నవాడికి ఇది మామూలు పరీక్ష కాదు. నమూనా మీద వెలుగూ నటుల మీద వెలుగూ కలవకపోతే అతుకు కనిపించి మాయ చెదిరిపోతుంది.

డాక్యుమెంటరీలు కూడా చేశారా?

వాల్టర్ రుట్‌మన్ 1927లో తీసిన "బెర్లిన్: మహానగర సింఫనీ" వెనక ఫ్రాయిండ్ హస్తం ఉంది. స్టూడియో లైట్లు లేని వీధుల్లో, తెల్లవారుజామున, రాత్రిళ్లు షూటింగ్. అప్పటి ఫిల్మ్‌కు అంత తక్కువ వెలుతురు చాలదు. అందుకే ఫిల్మ్‌కు ముందే రసాయన చికిత్స చేసి, దాని గ్రహణశక్తి పెంచి వాడారు. స్టూడియోలో వందల లైట్లతో పనిచేసిన మనిషి, లైట్లే లేని చోట ఫిల్మ్‌నే మార్చుకున్నారు.

హాలీవుడ్‌లో "డ్రాకులా"కు ఆయన చేసింది ఏమిటి?

1931లో యూనివర్సల్ స్టూడియో విడుదల చేసిన "డ్రాకులా"కు దర్శకుడు టాడ్ బ్రౌనింగ్, కెమెరా ఫ్రాయిండ్. అది టాకీలు కొత్తగా వచ్చిన కాలం. కెమెరా చప్పుడు మైకులో పడకూడదని దాన్ని మూసిపెట్టేవాళ్లు. అయిదారేళ్ల కిందట సైకిల్ ఎక్కిన కెమెరా మళ్లీ బండరాయిలా కూర్చుండిపోయింది. అయినా కోట నేలమాళిగలో శవపేటికల వైపు కెమెరా మెల్లగా జరిగే షాట్లు చూస్తే బెర్లిన్ రోజులు గుర్తొస్తాయి. డ్రాకులాగా నటించిన బేలా లుగోసీ కళ్ల మీద మాత్రమే పడేలా వాడిన సన్నటి లైట్లు మరో విశేషం. ముఖమంతా మసకలో ఉండి కళ్లు మాత్రం మెరుస్తాయి. తర్వాతి భయానక చిత్రాలు ఈ కిటుకును విచ్చలవిడిగా వాడుకున్నాయి.

సినిమా రెండో సగం మాత్రం నాటకంలా నిలబడిపోతుంది. మొదటి సగానికీ రెండో సగానికీ మధ్య తేడా అంత స్పష్టంగా ఉంది కాబట్టే, దర్శకత్వంలో ఫ్రాయిండ్ చేయి ఎంత ఉందన్న చర్చ ఇప్పటికీ నడుస్తోంది. నటుల్లో ఒకరైన డేవిడ్ మానర్స్, సెట్‌లో తనను నడిపించింది ఫ్రాయిండేనని తర్వాతి కాలంలో చెప్పారు.

దర్శకుడిగా ఎందుకు కొనసాగలేదు?

1932 నుంచి 1935 వరకు దర్శకత్వం చేశారు. మొదటిది "ది మమ్మీ", చివరిది పీటర్ లోరే నటించిన "మ్యాడ్ లవ్". ఆ తర్వాత మళ్లీ కెమెరా దగ్గరికి వచ్చేశారు. దీన్ని ఓటమిగా రాసేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. ఆస్కార్, టీవీ, లైట్ మీటర్లు అన్నీ ఆ తిరిగిరావడం తర్వాతే వచ్చాయి.

"ది మమ్మీ" ప్రారంభ సన్నివేశం ఒక్కటి చాలు ఆయన ఎలా ఆలోచిస్తారో తెలియడానికి. పెట్టెలో నిలబడి ఉన్న మమ్మీగా బోరిస్ కార్లాఫ్. ఆ మేకప్‌కు జాక్ పియర్స్‌కు దాదాపు ఎనిమిది గంటలు పట్టింది. అంత కష్టపడి తయారుచేసిన రూపాన్ని ఏ దర్శకుడైనా అటూ ఇటూ నడిపించి చూపించాలనుకుంటాడు. ఫ్రాయిండ్ ఏం చేశారంటే, కనురెప్ప సన్నగా తెరుచుకోవడం చూపించారు, చేయి కొద్దిగా జారడం చూపించారు. తర్వాత బల్ల మీదున్న పాత గ్రంథపు చుట్ట మీదికి ఒక చేయి వస్తుంది. అది చూసిన యువకుడు పిచ్చిగా నవ్వడం మొదలుపెడతాడు. మమ్మీ నడక మనకు కనిపించదు. గుమ్మం దాటి నేల మీద ఈడ్చుకుపోతున్న గుడ్డ పేలిక మాత్రమే కనిపిస్తుంది.

ఈ సినిమాకు కెమెరా ఆయనది కాదు, చార్లెస్ స్టూమర్‌ది. "మ్యాడ్ లవ్"కు చెస్టర్ లయన్స్, గ్రెగ్ టోలండ్ పనిచేశారు.

ఆస్కార్ ఏ సినిమాకు వచ్చింది?

ఎంజీఎం నిర్మించిన "ది గుడ్ ఎర్త్" (1937) చిత్రానికి. చైనా రైతు కుటుంబం కథ. పొలాల మీదికి మిడతల దండు వచ్చిపడే ఘట్టం గురించి ఇప్పటికీ చెప్పుకుంటారు.

నాకు ఇంకా పెద్ద విషయంగా కనిపించేది 1941 సంవత్సరం. ఆ ఏటి సినిమాల్లో "ది చాకొలెట్ సోల్జర్"కు బ్లాక్ అండ్ వైట్ విభాగంలో, "బ్లాసమ్స్ ఇన్ ది డస్ట్"కు కలర్ విభాగంలో (డబ్ల్యు. హోవర్డ్ గ్రీన్‌తో కలిసి) ఆయనకు నామినేషన్లు వచ్చాయి. అప్పట్లో రంగుల సినిమా పద్ధతి అయిన టెక్నికలర్‌కు కావలసిన వెలుగు, కెమెరా, లెక్క అన్నీ వేరు. బ్లాక్ అండ్ వైట్‌లో ముఖాన్ని వెనకున్న గోడ నుంచి వెలుగుతోనే విడదీయాలి. కలర్‌లో ఆ పని సగం రంగే చేసేస్తుంది, కానీ కొత్త చిక్కులు తెచ్చిపెడుతుంది. రెండింటిలోనూ ఒకే ఏడాది ఆ స్థాయిలో నిలబడటం సామాన్యం కాదు. ఆ కాలంలోనే "కమీల్", "ప్రైడ్ అండ్ ప్రెజుడిస్", "ది సెవెంత్ క్రాస్" చేశారు. 1948లో జాన్ హ్యూస్టన్ "కీ లార్గో"కు పనిచేశారు.

నాజీల కాలంలో ఆయన కుటుంబం ఏమైంది?

ఫ్రాయిండ్ అప్పటికే అమెరికాలో ఉన్నారు. 1937లో జర్మనీ వెళ్లి కూతురిని వెంట తెచ్చుకున్నారు. అక్కడే ఉండిపోయిన మాజీ భార్యను నాజీలు రావెన్స్‌బ్రూక్ నిర్బంధ శిబిరంలో పెట్టి, 1942లో చంపేశారు. "ది గుడ్ ఎర్త్" విడుదలైన ఏడూ, కూతురి కోసం జర్మనీ వెళ్లిన ఏడూ ఒకటే.

అంత పేరున్న మనిషి టీవీకి ఎందుకు వెళ్లారు?

డబ్బు కోసమైతే కాదు. 1940లలో ఆయన పెట్టిన ఫోటో రిసెర్చ్ కార్పొరేషన్ వెలుగును కొలిచే పరికరాలు తయారుచేసేది. ఆర్థికంగా ఆయన నిశ్చింతగా ఉన్నారు. "ఐ లవ్ లూసీ" నాయిక లూసిల్ బాల్‌తో పరిచయం ఎంజీఎంలోనే, 1943 నాటి "డు బారీ వాజ్ ఎ లేడీ"కి ఆయన కెమెరామన్‌గా ఉన్నప్పుడే ఏర్పడింది. ఆమె, భర్త డెజీ ఆర్నాజ్ కలిసి టీవీ షో తలపెట్టినప్పుడు ఫ్రాయిండ్‌ను అడిగారు.

వాళ్ల ముందున్న చిక్కు ఇది. అప్పట్లో చాలా కార్యక్రమాలు న్యూయార్క్ నుంచి లైవ్‌గా వెళ్లేవి. దూర ప్రాంతాలకు పంపాలంటే టీవీ తెరనే ఫిల్మ్ కెమెరాతో తీసి, ఆ కాపీ పంపేవాళ్లు. దాన్ని కినెస్కోప్ అనేవారు. బొమ్మ అలుక్కుపోయినట్టు ఉండేది. లూసిల్ దంపతులు హాలీవుడ్ వదిలి వెళ్లేది లేదన్నారు. స్పాన్సర్‌కేమో ఎక్కువమంది ప్రేక్షకులున్న తూర్పు ప్రాంతాలకు మంచి బొమ్మ వెళ్లాలి. దీనికి దొరికిన దారి, నేరుగా 35 ఎంఎం ఫిల్మ్ మీద తీయడం. అదీ ఎదురుగా ప్రేక్షకులను కూర్చోబెట్టి, నాటకంలా ఆపకుండా నడుపుతూ, మూడు కెమెరాలతో. ఖర్చు పెరిగింది కాబట్టి దంపతులు పారితోషికం తగ్గించుకున్నారు, బదులుగా షో మీద హక్కులు తీసుకున్నారు. 1951 అక్టోబర్ 15న అమెరికన్ టీవీ నెట్‌వర్క్ సీబీఎస్‌లో "ఐ లవ్ లూసీ" మొదలైంది.

మూడు కెమెరాలకు ఒకేసారి లైటింగ్ చేయడంలో అంత కష్టం ఏముంది?

చాలా ఉంది. ఈ పేజీలో ఒక్క జవాబు మాత్రమే చదివే ఓపిక ఉంటే ఇది చదవమంటాను.

సినిమాలో ఒక షాట్ తీస్తాం, ఆపుతాం, లైట్లు మార్చుకుంటాం, ఇంకో షాట్ తీస్తాం. క్లోజప్‌కు వెలుగు వేరు, లాంగ్ షాట్‌కు వేరు. ఎడమ నుంచి చూసే కెమెరాకు అందంగా ఉన్న వెలుగు కుడి నుంచి చూసే కెమెరాకు ముఖాన్ని సగం చీకట్లో పడేస్తుంది. మూడు కెమెరాలు ఒకేసారి తిరుగుతుంటే ఎవరి కోసం లైట్ పెట్టాలి? పైగా నటి లూసిల్ బాల్. సోఫా ఎక్కుతుంది, బల్ల కిందికి దూరుతుంది, తలుపు వెనక దాక్కుంటుంది. ఆమెను "ఈ గీత దాటొద్దు" అంటే కామెడీ చచ్చిపోతుంది.

ఫ్రాయిండ్ లైట్లన్నింటినీ నేల మీద నుంచి లేపేసి పైన వేలాడదీశారు. కింద స్టాండ్లు లేవు, అడ్డంపడే వైర్లు లేవు. కెమెరాలు బండ్ల మీద అటూ ఇటూ నిశ్శబ్దంగా తిరగొచ్చు, ప్రేక్షకులకు నటులు అడ్డం లేకుండా కనిపిస్తారు. సెట్ అంతటా వెలుగు దాదాపు సమంగా ఉండేలా లెక్కగట్టారు. నటి ఎక్కడికి పరిగెత్తినా ఫిల్మ్ మీద పడే వెలుగు మోతాదు చెదరదు. పైనుంచి మాత్రమే వెలుగు పడితే కళ్ల కింద, గడ్డం కింద నీడలు దిగుతాయి కదా? అందుకు ప్రతి కెమెరా ముందు భాగంలో, లెన్స్ పైన, ఒక చిన్న లైట్ అమర్చారు. కెమెరా ఎటు జరిగితే ఆ వెలుగూ అటే వెళ్లి ముఖంలో నీడల్ని పూడుస్తుంది. మధ్య కెమెరా మొత్తం సెట్‌ను పట్టుకుంటే, పక్కనున్న రెండూ దగ్గరి షాట్లు తీసేవి.

ఇంకో సంగతి. అప్పటి టీవీ సెట్లు తెలుపును మరీ తెల్లగా, నలుపును మరీ నల్లగా చేసేవి. అందుకే గోడలకు రకరకాల బూడిద రంగులు వేయించారు. వస్తువుల్లో కూడా మెరిసే తెలుపు లేకుండా చూసుకున్నారు. సన్నివేశంలో నటుడు చదివే దినపత్రిక కూడా తెల్లగా కొట్టకుండా దానికి రంగు అద్దించారట. ప్రొజెక్టర్ దగ్గర నిలబడిన కుర్రాడి లెక్క ఇదే మరి.

మూడు కెమెరాల పద్ధతి ఫ్రాయిండ్ కనిపెట్టిందేనా?

కాదు. టీవీ కోసం ఒకటికి మించిన ఫిల్మ్ కెమెరాలు వాడటం 1940ల చివర్లో జెర్రీ ఫెయిర్‌బ్యాంక్స్ మొదలుపెట్టారు. క్విజ్ తరహా షోలలోనూ వాడారు. కథ నడిచే కామెడీకి, పూర్తి సెట్లలో, ప్రేక్షకుల ఎదుట, సినిమా స్థాయి నాణ్యతతో అది పనిచేసేలా చేయడంలో ఫ్రాయిండ్ వాటా పెద్దది. నిర్మాణం చూసిన ఆల్ సైమన్, జెస్ ఆపెన్‌హైమర్, డెజీ ఆర్నాజ్‌ల వాటా కూడా తక్కువేం కాదు.

టీవీలో ఆయన లైటింగ్ "చప్పగా" ఉంటుందని విమర్శ ఉంది. నిజమేనా?

నీడలు తక్కువన్నది నిజం. చప్పదనం అనే మాట అన్యాయం. "డ్రాకులా"లో నీడ భయపెట్టాలి, కాబట్టి నీడ ఉంది. "లూసీ"లో నటి ముఖకవళిక ప్రతి ఒక్కటీ చివరి వరుస దాకా, ఇంట్లో చిన్న తెర దాకా చేరాలి, కాబట్టి వెలుగు ఉంది. తాగిన ముసలాయన కోసం కెమెరాను తన ఒంటికి కట్టుకున్న మనిషే, నవ్వించే నటి స్వేచ్ఛగా తిరగడానికి సెట్ మొత్తం ఖాళీ చేసి ఇచ్చారు. రెండు చోట్లా కెమెరా నటుడి వెనకే నడిచింది. తర్వాతి దశాబ్దాల్లో ఆ పద్ధతిని ఆలోచన లేకుండా కాపీ కొట్టి, ఏ కథకైనా ఒకే వెలుగు పరిచేసిన షోలు బోలెడు వచ్చాయి. ఆ పాపం ఫ్రాయిండ్ ఖాతాలో వేయకూడదు.

ఫిల్మ్ మీద తీయడం వల్ల ఇంకో మేలు జరిగింది. నెగటివ్ భద్రంగా ఉంది కాబట్టి షోను ఏళ్ల తరబడి తిరిగి ప్రసారం చేయగలిగారు. అదే కాలంలో లైవ్‌గా వెళ్లిన ఎన్నో కార్యక్రమాలు కినెస్కోప్ మిగిలితే మిగిలినట్టు, లేకపోతే లేనట్టే.

టీవీలో ఇంకేం చేశారు?

అదే దంపతుల సంస్థ డెసిలూలో "అవర్ మిస్ బ్రూక్స్", "డిసెంబర్ బ్రైడ్" షోలకు కూడా పనిచేశారు. సెట్‌లో అందరూ ఆయన్ను "పాపా" అని పిలిచేవాళ్లు.

లైట్ మీటర్లకు అవార్డు వచ్చిందంటారు, అదేమిటి?

1954 సంవత్సరానికి గాను, ఆస్కార్లు ఇచ్చే అకాడమీ ఇచ్చిన సాంకేతిక పురస్కారం. ప్రకాశాన్ని నేరుగా చదివి చూపే మీటర్‌కు ఇచ్చారు. అనుభవమున్న కెమెరామన్ కంటితో అంచనా వేసేదాన్ని అంకెల్లోకి తెచ్చే పని అది. కన్ను చీకటికీ వెలుగుకూ ఇట్టే అలవాటు పడిపోతుంది, మీటర్ అలవాటు పడదు. వారం వారం ఒకే సెట్‌లో ఒకే వెలుగు రాబట్టాలంటే ఆ అంకెలే ఆధారం.

ఇప్పుడు కెమెరా నేర్చుకుంటున్నవాళ్లు ఆయన సినిమాలు ఏ వరుసలో చూస్తే మంచిది?

ముందు "డెర్ లెట్స్టె మాన్", ఇంగ్లిష్‌లో "ది లాస్ట్ లాఫ్" అనే పేరుతో దొరుకుతుంది. ప్రతి కదలిక దగ్గర ఆపి, "ఇది ఎవరి చూపు?" అని అడుగుతూ చూడండి. వెంటనే "ఐ లవ్ లూసీ" ఎపిసోడ్ ఒకటి సౌండ్ తీసేసి పెట్టుకోండి. లూసిల్ గదికి ఆ చివర నుంచి ఈ చివరకు వచ్చేటప్పుడు ముక్కు కింద నీడ ఎటు పోతుందో, ఎంత ముదురుగా ఉందో గమనించండి. తర్వాత "ది మమ్మీ" మొదటి పది నిమిషాలు, "డ్రాకులా"లో కోట భాగం. "మెట్రోపొలిస్"ను ఆఖరికి ఉంచుకోవచ్చు, కాకపోతే 2010లో పునరుద్ధరించిన కూర్పే చూడండి. పోయిందనుకున్న భాగాలు 2008లో బ్యూనస్ ఎయిరిస్‌లో దొరికాక తయారైన కూర్పు అది. బాగా కత్తిరించేసిన పాత ప్రింట్లు కూడా ఇంకా చలామణిలో ఉన్నాయి కాబట్టి, మొదలుపెట్టే ముందు నిడివి ఒకసారి సరిచూసుకోండి.